మసిరాణి పాలిచ్చిందా, నూనెలో వేయించిందా?

ఆ రోజుల్లో కథ అనేది మా ఊరికి బస్సులో వచ్చేది. కల్యాణదుర్గం నుంచి కుందుర్పి వైపు వచ్చే బస్సు రోజుకు ఒకటే. అది దారిలో ఆగి, ఇంజను చల్లబడేదాకా డ్రైవరు ఒక కునుకు తీసి, ఆ తర్వాత తీరిగ్గా వచ్చేది. అందులోనే ఉత్తరాలు, అందులోనే ఉప్పు బస్తాలు, నెలకొకసారి అందులోనే మా నాయన చందా కట్టి తెప్పించే మాసపత్రిక. నయాపైసలు వచ్చి నాలుగైదేళ్ళయినా మా ఊళ్ళో ఇంకా అణాల్లోనే మాట్లాడుకుంటున్న కాలం. ఇప్పటి పిల్లలు ఒక దయ్యాల కథ ముగిసేలోపే ఇంకోటి మొదలుపెడుతున్నారు. అది నచ్చకపోతే ముక్కూ మొహం తెలియని వాళ్ళతో ఫోన్లోనే పోట్లాడుతున్నారు. అది చూసి మా ఇంట్లో పెద్దవాళ్ళు తలలు పట్టుకుంటారు గాని నేను మాత్రం ఏమీ అనను. కథలో రాక్షసి మంచిదా చెడ్డదా అనే మాట మీద ఒక వీధి వీధంతా రెండుగా చీలిపోవడం నేను పద్దెనిమిదేళ్ళకే చూశాను. చూడడమేమిటి, చీల్చిందే నేను.

మా నాయన ఊళ్ళో ఉన్న ఒకే ఒక్క బడికి ఒకే ఒక్క పంతులు. పత్రిక తెప్పించేది లోకజ్ఞానం కోసమని చెప్పేవాడు. ఆ ఏడు అందులో 'మసికోట' అని ఒక సీరియల్ మొదలైంది. ఒక రాజ్యంలో ఒకనాడు పొద్దు పొడవలేదు. కోట గోడల మీద, చెట్ల మీద, మనుషుల మొహాల మీద మసి రాలడం మొదలైంది. ఆ మసి ఊదేది మసిరాణి అనే మంత్రగత్తె. ఆమె అమావాస్యకొక బిడ్డను ఎత్తుకుపోయి, నల్లనూనె కొప్పెర మీద తలకిందులుగా పట్టుకునేది. అప్పుడు బిడ్డ నీడ ఊడి కిందికి జారేది. నీడ పోయిన బిడ్డ చచ్చేది కాదు, బతికేదీ కాదు, అట్లా నిద్రపోతూ ఉండేది. "ఇట్లాంటి చెత్త సదివితే పిల్లోళ్ళు పాడైపోతారు" అని నాయన పత్రిక రాగానే కోప్పడి, అది మా చేతికి చిక్కకుండా బడికి పట్టుకుపోయేవాడు. (సాయంత్రం ఇంటికి తెచ్చేసరికి సీరియల్ పేజీలు మాత్రం నలిగిపోయి ఉండేవి. లోకజ్ఞానం పేజీలు ఇస్త్రీ చేసినట్టుండేవి.)

నేను అప్పటికి ఎస్.ఎస్.ఎల్.సి. ప్యాసై ఇంట్లో కూర్చున్నాను. జూలైలో అనంతపురంలో టీచర్ ట్రైనింగుకు పోవాలి. మా ఊళ్ళో ఒక పద్ధతి ఉండేది. పెళ్ళికైనా, చదువుకైనా, ఊరు విడిచిపోయే ఆడపిల్లకు పాత నూలు చీరలు పొరలు పొరలుగా పేర్చి ఒక బొంత కుట్టి ఇచ్చేవాళ్ళు. ఆ బొంతను ఒక్కరే కుట్టకూడదు. ఇద్దరు ఆడవాళ్ళు చెరో కొసన కూర్చుని, కుట్టుకుంటూ కుట్టుకుంటూ వచ్చి నడిమిలో కలవాలి. ఒంటిచేతి బొంత కప్పుకున్న పిల్ల పోయినచోట ఒంటరిదైపోతుందని గట్టి నమ్మకం. నా బొంతకు ఒక కొసన మా అవ్వ, అంటే నాయనను కన్నతల్లి. రెండో కొసన గోడ పక్కింటి బూబవ్వ.

బూబవ్వ భర్త బతికినన్నాళ్ళూ ఊరూరా తిరిగి దూదేకేవాడు. ఆయన పోయాక ఆమె పరుపులూ బొంతలూ కుట్టుకుంటూ ఒక్కతే ఉండేది. అవ్వా ఆమే ఒకరినొకరు 'వదినా' అని పిలుచుకునేవాళ్ళు. ఆ వరస ఎట్లా కుదిరిందో ఎవరికీ తెలియదు, పోట్లాటకు వీలుగా ఉంటుందని పెట్టుకున్నారేమో. మా అవ్వకు చెవులు పోయాయి. బూబవ్వకు కళ్ళకు పొరలు కమ్మాయి, వెలుగూ నీడా తప్ప ఏమీ ఆనదు. బూబవ్వ సూదిలో దారం ఎక్కించేది అవ్వ. మా ఇంట్లో పాలు పొంగుతున్నాయని గోడ అవతలి నుంచి కేక పెట్టేది బూబవ్వ. గొంతు చించుకుని అరిస్తే తప్ప లోకంలో ఎవరి మాటా వినిపించని మా అవ్వకు బూబవ్వ గొంతు మాత్రం వినిపించేది. నలభై ఏళ్ళ అలవాటు ఒకటి, ఆ గొంతు అట్లాంటిది కావడం ఒకటి. "మీ ఇద్దరినీ కలిపితే ఒక నిండు మనిషి" అని నాయన ఎగతాళి చేస్తే, "ఒకటి గాదు రా, ఒకటిన్నర" అనేది అవ్వ.

మధ్యాహ్నం అన్నాలయ్యాక మా పంచలో బొంత పరిచేవాళ్ళు. నేను బూబవ్వ పక్కన కూర్చుని సీరియల్ చదివేదాన్ని. నా పీల గొంతు అవ్వదాకా పోయేది కాదు. అరిచి చదవనా అంటే, "నాకేం వద్దు, బొమ్మలు సూపించు సాలు" అనేది. ఆమెకు అక్షరాలు రావు. నేను చదవడం ముగించి పత్రిక ఇస్తే, అద్దాలు ముక్కు మీదికి జరుపుకుని బొమ్మను పావుగంట చూసేది. అట్లా ఒకే కథను ఒకామె వింటూ, ఇంకొకామె చూస్తూ వచ్చారు. ఆ బొమ్మలు వేసే ఆయన మహా గట్టివాడు. కోరలు, గోళ్ళు, నాలుకలు వేయమంటే ప్రాణం పెట్టి వేసేవాడు. మసిరాణి ఏడ్చిందనో, నిట్టూర్చిందనో కథలో ఉంటే మాత్రం ఆ జోలికే పోయేవాడు కాదు.

చిక్కు రెండో భాగంలో వచ్చింది. మసిరాణి మొదట్లో మంత్రగత్తె కాదు, కోట వంటశాలలో అంట్లు తోముకునే మనిషి. ఒక కరువు ఏడు రాజు కోట తలుపులు మూయించాడు. బయట చిక్కుకున్న ఆమె మూడేళ్ళ కొడుకు, నీళ్ళు నీళ్ళు అంటూ ఆ తలుపు ముందే ప్రాణం విడిచాడు. నేను గొంతు వణికించి మరీ చదివాను. (అప్పట్లో నా చదువు మీద నాకు శానా గొప్ప అభిప్రాయం.) తల ఎత్తి చూస్తే బూబవ్వ చేతిలో సూది ఆగిపోయి ఉంది. ఆ సాయంత్రం అమ్మ నన్ను వంటింట్లోకి పిలిచి చెప్పింది. "బూబవ్వకు ఒక కొడుకు ఉండె. మూడేండ్లోడు. కరువులో పాయె. ఆమె ముందర పిల్లోళ్ళ మాట ఎత్తొద్దు. ఊర్లో ఎవురూ ఎత్తరు." ఆ మాట మీద ఆ రాత్రే ఒక గొప్ప నిర్ణయం చేసుకున్నాను. ఇక మీదట ఈ కథ ఆమెను బాధపెట్టకుండా నేను చూసుకుంటాను. పద్దెనిమిదేళ్ళకు మనిషి ఏమైనా చేయగలననుకుంటుంది.

మూడో భాగం వచ్చింది. అందులో మసిరాణి ఒక గుడిసెలో తొట్టిలో పడుకున్న బిడ్డను ఎత్తుకుపోయి, కొప్పెర మీద తలకిందులుగా పట్టుకుంటుంది. నేను బూబవ్వ పక్కన కూర్చుని, ఆ పేజీ మీద చూపుడువేలు నడిపిస్తూ, కంటికి కనిపించే ఒక్క మాటా చదవకుండా, "మసిరాణి ఆ బిడ్డను చూసి జాలిపడి, వెండిగిన్నెలో పాలు తెచ్చి తాపి, దుప్పటి కప్పి వెళ్ళిపోయింది" అని చదివాను. మసిరాణి చచ్చిన కొడుకు మాట ఎక్కడ వచ్చినా శుభ్రంగా దాటేశాను. బూబవ్వ "మంచి మనిషే పాపం" అన్నది. నాకు నా తెలివి మీద ముద్దొచ్చింది. అప్పుడు అవ్వ చెయ్యి చాపి పత్రిక తీసుకుంది.

"ఓ యమ్మ! సూడు వదినా, ఈ ముండ బిడ్డను కాలు పట్టుకోని యెట్ల ఎత్తిందో! కింద కొప్పెరలో నూనె కాగతాండాది!"

"యాడిది కొప్పెర?" అన్నది బూబవ్వ. "ఆయమ్మ ఇప్పుడే గదా బిడ్డకు ఎండిగిన్నెలో పాలు తాపింది?"

"పాలా? యేంచుతాందే వదినా, బజ్జీ యేంచినట్ల యేంచుతాంది! నా కండ్లతో సూస్తాండా."

"నా చెవులతో ఇంటి. పాప సదివింది. ఏం పాపా?"

ఇద్దరూ నా వైపు తిరిగారు. ఒకామెకు నా మొహం కనిపించదు, ఇంకొకామెకు నా మాట వినిపించదు. అంతకన్నా అనువైన ఇద్దరు సాక్షులు ఏ అబద్ధాలకోరుకీ దొరకరు. బూబవ్వ చెవి దగ్గర "బొమ్మ వేసినాయన కథ సరిగ్గా చదివినట్టు లేదు" అన్నాను. అవ్వ వైపు తిరిగి, నాకేం తెలుసన్నట్టు రెండు చేతులూ తిప్పాను. ఆ పూటకు గండం గడిచింది.

నాలుగో భాగంలో బొమ్మాయన ఇంకా రెచ్చిపోయాడు. మసిరాణి గోడకు మేకులు కొట్టి, ఒలిచిన నీడలు వరసగా వేలాడదీసి, నడుము మీద చేతులు పెట్టుకుని నవ్వుతూ ఉంటుంది. నేను "పిల్లల చొక్కాలు ఉతికి ఆరేసింది" అని చదివాను. అవ్వ బొమ్మ చూసి, "పిల్లోళ్ళ తోళ్ళు ఒలిచి గోడకు కొట్టిందే, దీని కొంప గూల!" అని గుండెలు బాదుకుంది. "తోళ్ళు గాదు, గుడ్డలు. ఆరేసిన గుడ్డలు గాలికి ఊగతాంటే నీకు తోళ్ళ మాదిరి కనపడతాండాయి. అద్దాలు మార్చుకో వదినా" అన్నది బూబవ్వ. కళ్ళు లేని మనిషి అద్దాలు మార్చుకోమనడం అవ్వకు ఎక్కడో తగిలింది. "నువ్వు చెవులు కడుక్కో" అన్నది. ఆ రోజు బొంత మీద మామూలుగా పడే మూడు వరసల కుట్టు ఒక్క వరసే పడింది.

అబద్ధం చెప్పడం తేలికే గాని, దాన్ని జ్ఞాపకం పెట్టుకోవడం ప్రాణాంతకమని నాకు అప్పుడే తెలిసింది. కొత్త భాగం వచ్చేదాకా నెల రోజులు గడపాలి గదా, బూబవ్వ పాత భాగాన్నే మళ్ళీ మళ్ళీ చదివించుకునేది. నేను రెండోసారి "ఇత్తడి గిన్నెలో పాలు" అంటే, "పోయినసారి ఎండిది అంటివే?" అని పట్టుకునేది. దాంతో నేను ఒక పెన్సిలు సన్నగా చెక్కుకుని, పేజీ అంచున నా కథను చీమతలకాయలంత అక్షరాల్లో రాసుకోవడం మొదలుపెట్టాను. 'వెండిగిన్నె. పాలు గోరువెచ్చన. దుప్పటి ఎర్రది. చొక్కాలు మూడు.' రానురాను నాకు ఆ సీరియల్ రాసే ఆయన కన్నా నేనే బాగా రాస్తున్నానని కూడా అనిపించింది. (ఆ పెన్సిలు రాతలు ఇప్పుడు దొరికితే బాగుండును. సిగ్గుపడడానికైనా పనికొచ్చేవి.)

ఇది మా పంచలోనే ఉండిపోతే ఏ గొడవా లేకపోవును. కాని బూబవ్వ కథ చెబితే రాళ్ళు కూడా ఊ కొడతాయి. సాయంత్రం ఆమె గడపలో నలుగురు ఆడవాళ్ళు చేరితే నా కథనే ఇంకా నాలుగు రంగులేసి చెప్పేది. మా అవ్వేమో నీళ్ళకు పోయే ప్రతి మనిషినీ పంచలోకి పిలిచి పత్రిక విప్పి బొమ్మ చూపించేది. అప్పుడే ఓట్లు అయిపోయిన ఏడు, ఊరికి పార్టీలు కట్టడం బాగా అలవాటై ఉంది. వారం తిరక్కుండానే వీధిలో విన్నోళ్ళ పార్టీ, చూసినోళ్ళ పార్టీ అని రెండు తేలాయి. పాలూ పెరుగూ ఇచ్చి పుచ్చుకోవడాలు కూడా పార్టీని బట్టి జరిగాయి. బడిలో పిల్లలు మసిరాణి ఆట ఆడుతూ, పాలు తాపాలా నూనెలో వేయించాలా అని తన్నుకుంటే నాయన విడిపించాల్సి వచ్చింది. నేను గాక అసలు కథ చదివిన ఒకే ఒక్కడు ఆయన. "పాలు అనే మాట కథలో యాడా లేదే?" అని అన్నం తింటూ ఆలోచిస్తుంటే నేను మజ్జిగ తెస్తానని లేచిపోయేదాన్ని.

జూన్ మొదట్లో అయిదో భాగం వచ్చింది. బొంతలో ఇక మూరెడు జాగా మాత్రమే మిగిలి ఉంది. ఇద్దరి మోకాళ్ళూ దాదాపు తగులుతున్నాయి. అంత దగ్గరగా కూర్చుని పోట్లాడితే మాట కూడా దగ్గర్నుంచే తగులుతుంది. ఆ నెల బొమ్మలో ఏముందో నాకు గుర్తు లేదు, ఏదో ఘోరమే. అవ్వ చూసి తిట్టింది. బూబవ్వ మసిరాణిని వెనకేసుకొచ్చింది. మాటా మాటా పెరిగింది. అవ్వ చేతిలోని పత్రికను నేల మీద కొట్టి, "బిడ్డల్ని మింగేదాన్ని మంచిదంటావేమే? బిడ్డల్ని సాకినోళ్ళకైతే తెలుస్తాది ఆ కడుపుకోత!" అన్నది. చెవిటివాళ్ళకు తమ గొంతు ఎంత పెద్దదో తెలియదు. ఆ మాట వీధి చివరిదాకా పోయింది.

బూబవ్వ సూదిని బొంతలో గుచ్చింది. గోడ పట్టుకుని లేచింది. రోజూ నేను చెయ్యి పట్టుకుని దిగబెట్టేదాన్ని, ఆ రోజు నా చెయ్యి విడిపించుకుని, గోడనే తడుముకుంటూ తన ఇంటికి పోయింది. ఏ మాట ఆమె చెవిన పడకూడదని నేను మూడు నెలలు కష్టపడి అబద్ధాలాడానో, సరిగ్గా ఆ మాటే పడింది. అదీ నా అబద్ధం వల్లే పడింది. నాకు అక్కడికక్కడ భూమిలోకి పోవాలనిపించింది.

ఆ తర్వాత మూడు వారాలు రెండిళ్ళ మధ్య మాటల్లేవు. మా ఇంట్లో రోజూ పాలు పొంగి పొయ్యిలో పడేవి. మేకలు పంచలోకి వచ్చి ఎండబెట్టిన జొన్నలు తిని పోతున్నా అవ్వకు వినిపించేది కాదు. గోడ అవతల బూబవ్వ సూదిలో దారం ఎక్కించుకోలేక, కొసను మళ్ళీ మళ్ళీ తడి చేసుకుంటూ కూర్చోవడం నేను గోడ మీంచి చూశాను. అవ్వ తనన్న మాటకు తనే కుంగిపోయింది. నోట్లో ముద్ద పెట్టుకుని నమలడం మరిచిపోయేది. కాని పోయి చెప్పడానికి మొహం చెల్లలేదు. బొంత నడిమిలో మూరెడు ఖాళీతో దండెం మీద వేలాడుతూ ఉంది. నాకు బొంత దిగులు కాదు. నేను పది రోజుల్లో అనంతపురం పోతాను. నేను పోయాక వీళ్ళిద్దరినీ కలిపేవాళ్ళు ఎవరు? ఒకామెకు కళ్ళు లేకుండా, ఒకామెకు చెవులు లేకుండా చేసి, నేను చదువుకోవడానికి పోతున్నాను. ఆ సంగతి తలుచుకుంటే ఏడుపు ఆగేది కాదు.

ఒకరోజు నాయన పత్రికలన్నీ ముందు పెట్టుకుని కూర్చున్నాడు. "ఈ పెన్సిలు రాత ఎవురిది?" అన్నాడు. "వెండిగిన్నె. చొక్కాలు మూడు" అని పైకి చదివాడు. మీసాల కింద ఒక నవ్వు వచ్చింది గాని వెంటనే పోయింది. "ఎందుకు చేసినావో నాకు తెలుస్తాంది. కానీ దీన్ని నేను సరిచేసేకి కాదు. నువ్వే పోయి చెప్పల్ల" అన్నాడు.

పోయాను. బూబవ్వ గడపలో కూర్చుని ఉంది. నేను ఎదురుగా కూర్చుని అంతా చెప్పాను. పాలు లేవు, గిన్నె లేదు, చొక్కాలు లేవు, అవ్వ చూసిందంతా నిజమే అని చెప్పాను. నువ్వు బాధపడతావని అట్లా చేశానని కూడా చెప్పాను. ఆ చివరి మాట చెబితే దగ్గరికి తీసుకుని తల నిమురుతుందని లోపల ఒక ఆశ ఉండింది. ఆమె మొహం ఎర్రబడింది.

"నా బిడ్డ పోయిండాడని నాకు తెల్దా పాపా?" అన్నది. "ముప్పై ఏండ్లాయ. నేను వస్తే పిల్లోళ్ళ మాట ఆపేస్తారు. ఎవురికన్నా బిడ్డ పుడితే నాకు ఆఖర్న చెప్తారు. వాని పేరు ఎవురూ ఎత్తరు. ఆ కతలో ఒక తల్లి, పోయిన బిడ్డ కోసరం ఏడుస్తాంటే, అబ్బ, నా మాదిరి ఇంగొకామె ఉండాదిలే అనుకుంటి. మూడు నెలల నుంచి ఆయమ్మ బిడ్డ మాటే వస్తాలేదే, ఏమాయ అని యోచన చేస్తాండా. నువ్వు తీసేస్తివా? కతలోనించి గూడా వాణ్ణి తీసేస్తివా?"

అప్పుడు నాకు కలిగిన సిగ్గు ఇన్నేళ్ళయినా పోలేదు.

బూబవ్వ కొంగుతో మొహం తుడుచుకుని, "పోయి పత్రికలు ఎత్తుకోని రా. మొదుటి నుంచి ఉన్నది ఉన్నట్ల సదువు. మీ అవ్వను గూడా పిలువు. ఆమెకు వినపడేట్ల సదువు" అన్నది. అవ్వను పిలవాల్సిన పని లేకపోయింది. ఎప్పుడు వచ్చిందో, బొంత చంకన పెట్టుకుని మా వెనకే నిలబడి ఉంది. మాటల్లో ఒక్కటీ వినిపించి ఉండదు. నేను ఆ గడప ఎక్కడం చూసి వచ్చేసింది, అంతే.

మూడు మధ్యాహ్నాలు చదివాను. చదవడం కాదు, అరిచాను. గొంతు బొంగురుపోయింది. వీధిలో రెండు పార్టీలవాళ్ళూ వచ్చి గోడకానుకుని విన్నారు. నేను దాటేసిన చోట అసలు ఉన్నది ఇది: మసిరాణి ఇంట్లో ఒక ఖాళీ ఊయల ఉంది. ఎత్తుకొచ్చిన ప్రతి నీడనూ ఆ ఊయలలో పడుకోబెట్టి, తన కొడుకు కొలతకు సరిపోతుందా అని చూసుకుంటుంది. సరిపోదు. గోడకు తగిలిస్తుంది. మళ్ళీ అమావాస్యకు బయల్దేరుతుంది. బొమ్మలు వేసే ఆయన ఆ ఊయలను ఒక్కసారి కూడా వేయలేదు. అవ్వ జీవితంలో మొదటిసారి ఆ సంగతి విని, అద్దాలు తీసి పక్కన పెట్టి, భోరున ఏడ్చింది.

"అయ్యో, పిచ్చి పట్టిందే ఆ తల్లికి. ఆయమ్మ తప్పేముండాది వదినా?"

"తప్పు లేదా?" బూబవ్వ గొంతు ఖంగున లేచింది. "తన బిడ్డ పోతే ఊరోళ్ళ బిడ్డల మీద పడతాదా? ఆ తల్లులు తల్లులు గాదా? దాన్ని ఆ కొప్పెరలోనే తొయ్యల్ల!"

"పాపం అనే మాట లేదా నీకు? కడుపుకోత తల్లి అది!"

"నాకూ ఊయల ఉండె గదా వదినా! నేను ఎవురి బిడ్డనన్నా తెచ్చి అందులో ఏసుకుంటినా?"

మూడు నెలలు మసిరాణిని తిట్టిన మనిషి ఏడుస్తూ ఉంది, వెనకేసుకొచ్చిన మనిషి తిడుతూ ఉంది, పార్టీలవాళ్ళకు ఎవరు ఎటో తెలియలేదు. అవ్వ లేచి బొంతను ఇద్దరి మధ్యా పరిచింది. బూబవ్వ గుచ్చి వదిలేసిన సూదిని వెతికి, దారం ఎక్కించి, ఆమె చేతిలో పెట్టింది. ఆ చేతిని వదలలేదు.

"ఆ పొద్దు నేను అన్న మాటకు నా నోట్లో మన్ను పడ" అన్నది. "వాని పేరు చెప్పు వదినా. నీ నోట విని శానా ఏండ్లాయ."

బూబవ్వ పెదవులు కదిలాయి. నాకే వినిపించలేదు, ఇక అవ్వకేం వినిపిస్తుంది?

"వినపళ్ళా. గట్టిగ చెప్పు."

బూబవ్వ మళ్ళీ చెప్పింది.

"ఇంగా గట్టిగ చెప్పు వదినా, నాకు చెవుడు గదా!"

ముప్పై ఏళ్ళుగా ఆ వీధిలో ఎవరూ పలకని ఆ పేరును బూబవ్వ గొంతెత్తి అరిచింది. నాలుగిళ్ళ అవతల ఎద్దులకు నీళ్ళు పెడుతున్నవాళ్ళు కూడా తిరిగి చూశారు. (ఆ పేరు నేను ఇక్కడ రాయను. అది వాళ్ళిద్దరిది.) "ఆఁ" అన్నది అవ్వ. "చిన్నప్పుడు మా ఇంట్లో బెల్లం డబ్బా యాడున్యా కనిపెట్టేవాడు దొంగనాబట్ట." బూబవ్వ నవ్వింది. ఏడుస్తూనే నవ్వింది. తర్వాత ఇద్దరూ ఆ పిల్లవాడి గురించి పొద్దు గూకేదాకా మాట్లాడుకున్నారు. మధ్యమధ్యలో మసిరాణి గురించి తిట్టుకున్నారు కూడా. నేను ఊరు విడవడానికి రెండు రోజుల ముందు బొంత కుట్టడం అయిపోయింది. బయల్దేరేటప్పుడు బూబవ్వ నా మొహమంతా చేత్తో తడిమి చూసుకుని, "ఇంగ ఏ కతైనా ఉన్నది ఉన్నట్ల చెప్పల్ల పాపా" అని మాట తీసుకుంది.

సీరియల్ ఆఖరి భాగం నేను అనంతపురం హాస్టల్లో ఉండగా వచ్చింది. రాసినాయనకు తొందర వచ్చినట్టుంది. ఎక్కడి నుంచో ఒక రాకుమారుడు ఊడిపడి, ఒక్క కత్తివేటుతో మసిరాణి తల నరికేశాడు. పొద్దు పొడిచింది, పిల్లలు లేచారు, రాజుగారు విందు చేశారు. ఊయల ఏమైందో ఆయనే మరిచిపోయాడు. నా గదిలో ఇద్దరమ్మాయిలకు అది మహా బాగుంది, ఇంకొకమ్మాయి అన్నం మానేసింది. ఇంట్లో పత్రిక వచ్చే ఉంటుంది, నాయన చదివి వినిపించే ఉంటాడు. అయినా ఇచ్చిన మాట ప్రకారం ఉన్నది ఉన్నట్టు, తల నరికిన సంగతితో సహా, ఒక ఇన్‌లాండు కవరు నిండా రాసి పంపాను. వాళ్ళిద్దరూ ఎంత బాధపడి ఉంటారో అని వారం రోజులు దిగులు పడ్డాను.

నాయన చేతిరాతలో జవాబు వచ్చింది. 'వాళ్ళు చెప్పింది చెప్పినట్టు రాయకపోతే అన్నం పెట్టేది లేదంటున్నారు. కాబట్టి నా పూచీ లేదు' అని మొదలుపెట్టి, కింద ఇట్లా రాశాడు. 'పాపా, నీ జాబు అందింది. రాసినాయన తొందరపడినాడు. మాకేమీ తొందర లేదు. మేమిద్దరమూ నాలుగు పొద్దులు మాట్లాడుకోని ఆయమ్మను సంపేది వద్దనుకున్యాము. పిల్లోళ్ళను ఎవురింటికి వాళ్ళను పంపించినాము. ప్రతి తల్లి కాళ్ళకూ ఆయమ్మతో మొక్కించినాము, అది బూబవ్వ పట్టు. రాజును ఏం చేసేదీ ఇంకా తెగలేదు. (ఇక్కడ ఒక వాదన జరిగింది. నేను బడికి పోయి వచ్చినాను. ఇంకా జరుగుతాండాది. నాయన.) ఆయమ్మకు యాడికి పోవల్లో తెలీక నిలబడిపాయె. అందుకని మన వీదిలోనే పెట్టుకున్యాము. నువ్వు దిగులు పడొద్దు. బాగా సదువుకో.'

మెస్సు గంట కొట్టినా లేవకుండా ఆ ఉత్తరాన్ని ఎన్నిసార్లు చదువుకున్నానో లెక్క లేదు. ఇప్పుడు ఆ పద్దెనిమిదేళ్ళ పిల్ల గుర్తొస్తే నవ్వొస్తుంది, కొంచెం దగ్గరికి తీసుకోవాలని కూడా అనిపిస్తుంది. పాపం, వాళ్ళిద్దరికీ తనే కథ చెబుతున్నాననుకుంది.